మూడవ పాత్రధారి – ఈస్కినీసు చరిత్రము

ప్రతి సంవత్సరమును పాఠశాల వార్షికోత్సవమునకు నాటకము సిద్ధపరచునపుడు మాకొక చిక్కు కలుగుచుండును. రాజవేషమును కోరువారు పదిమంది; ద్వారపాలకుని వేషమునకు గాని దూతవేషమునకు గాని తనంతట ముందునకు వచ్చువాడొక్కడును ఉండడు. చిన్న వేషము దొరికిన బాలుడు ముఖము చిన్నబుచ్చుకొని యింటికి పోవును. మరునాడు అతని తండ్రి వచ్చి మాతో మొరపెట్టుకొనును. అట్టి బాలురకును, వారి తలిదండ్రులకును వినిపింపదగిన చరిత్ర యొకటి గ్రీకుల గ్రంథములలో కలదు. అందలి పురుషుడు పేరుపొందిన నాటకశాలలలో నటించెను గాని యెన్నడును ప్రధానపాత్రధారి కాలేదు. అందరికంటె చిన్నవాడుగా ఎంచబడు మూడవ పాత్రధారిగానే యుండెను. ఆ మాటనే శత్రువులు జీవితాంతము అతని మీద రాయివలె రువ్విరి. అయినను ఇరువది మూడు శతాబ్దములు గడచిన పిమ్మటను అతని ఉపన్యాసములు లోకమున చదువబడుచున్నవి.

అతని పేరు ఈస్కినీసు. క్రీస్తునకు పూర్వము నాలుగవ శతాబ్దమున ఏథెన్సు నగరమున జీవించెను. మొదట గుమాస్తా, పిమ్మట నటుడు, నలుబది యేండ్ల ప్రాయమున రాజకీయవక్త, అరువది యేండ్లకు ఊరు విడిచి పరదేశమున ఉపాధ్యాయుడు. ఏథెన్సు వక్తలలో శ్రేష్ఠులని పూర్వులు పదిమంది పేర్లు ఏర్పరచిరి. అందు ఇతని పేరును చేర్చిరి.

ఇట్టివాని చరిత్రము వ్రాయుట సులభము కాదు. ఇతనిని గూర్చి మనకు తెలిసినదానిలో చాలభాగము రెండు నోళ్లనుండి వచ్చినది. ఒకటి ఇతని నోరు. రెండవది ఇతని పరమశత్రువగు డెమాస్తనీసు నోరు. ఒకడు న్యాయస్థానమున తన్ను కాపాడుకొనుటకు పలికెను. రెండవవాడు అదే న్యాయస్థానమున అతనిని పడగొట్టుటకు పలికెను. అందుచేత మేము ఏ సంగతి ఎవరు చెప్పినదో ఆయా చోట్ల సూచించుచు పోవుదుము. చదువరులు తూచి గ్రహింతురు గాక.

ఈస్కినీసు క్రీ. పూ. 390 ప్రాంతమున జన్మించెను. తండ్రి పేరు అట్రొమెటసు. తల్లి పేరు గ్లౌకొతియా. క్రీ. పూ. 431 మొదలు 404 వరకు ఏథెన్సునకును స్పార్టాకును జరిగిన మహాయుద్ధములో ఆ కుటుంబపు ఆస్తి నాశనమయ్యెను. యుద్ధానంతరము ముప్పదిమంది క్రూరులు నగరమును పాలించిన కాలమున అట్రొమెటసు భార్యతో కూడ కొరింథునకు పారిపోయి, ఆసియాలో జీతమునకు సిపాయిగా పోరాడి, ప్రజాపాలనను మరల నిలబెట్టినవారిలో ఒకడై తిరిగి వచ్చెనని కుమారుడు చెప్పియున్నాడు. పోయిన ఆస్తి మాత్రము రాలేదు. కుటుంబపోషణకై అతడు పిల్లలకు అక్షరములు నేర్పు వృత్తిలో ప్రవేశించెను.

డెమాస్తనీసు చెప్పిన కథ వేరు. అతని మాటను బట్టి అట్రొమెటసు బడి నడుపు ఒకని యింట సంకెళ్లతోనున్న బానిస; కుమారుడు ఆ బడిలో సిరా నూరుచు, బల్లలు తుడుచుచు, గది ఊడ్చుచు పెరిగినవాడు. బానిస యనుట కల్పితమని నేటి పండితులలో పెక్కురి అభిప్రాయము. బల్లలు తుడిచిన మాట నిజమైనను కావచ్చును. ఉపాధ్యాయవృత్తియందున్న మాకు ఈ భాగము చదువునపుడెల్ల మనస్సు కొంచెము చివుక్కుమనును. డెమాస్తనీసు కత్తులు చేయించు కార్ఖానాకు యజమానియైన ధనవంతుని కుమారుడు. తండ్రి చనిపోగా సంరక్షకులు ఆస్తి కాజేసినందున అతడును బాల్యమున కష్టములు పడినవాడే. అట్టివాడు వేలాదిమంది వినుచుండగా మరియొకని తండ్రి బడిపంతులని నవ్వించెను, సభవారును నవ్వియుందురు. బడి ఊడ్చుట నవ్వదగిన పని యని ఆ నాగరిక నగరము తలంచెను. ఆ తలంపు ఏథెన్సుతోనే నశించినదని మేము చెప్పజాలము.

అట్రొమెటసునకు ముగ్గురు కుమారులు. పెద్దవాడు ఫిలొకారీసు, రెండవవాడు ఈస్కినీసు, కడపటివాడు అఫొబెటసు. పెద్దవాడు పెట్టెలకును తప్పెటలకును రంగులు వేసి బ్రదికినవాడని డెమాస్తనీసు వెక్కిరించెను. అతడే పిమ్మట ఏథెన్సు సేనాపతులలో ఒకడుగా వరుసగా ఎన్నుకొనబడెను. చిన్నవాడు పారసీక చక్రవర్తియొద్దకు రాయబారిగా పంపబడెను. పేద ఉపాధ్యాయుని బిడ్డలు ముగ్గురును నగరమునకు పెద్దలైరి.

ఏథెన్సు ఆచారము చొప్పున ఈస్కినీసు పదునెనిమిదవ యేట మొదలుకొని రెండు సంవత్సరములు సరిహద్దులను కాయు దళములో పనిచేసెను. పిమ్మట పెక్కు యుద్ధములకు పోయెను. క్రీ. పూ. 362లో మాంటినియా యుద్ధములో ఉండెను. 348లో యుబియా ద్వీపమందలి తమినీ యుద్ధములో చూపిన ధైర్యమునకు సేనాపతులు యుద్ధభూమియందే అతనికి కిరీటము పెట్టిరి. విజయవార్తను ఏథెన్సునకు తెచ్చినవాడును అతడే కావున ప్రజలు మరల కిరీటమునిచ్చి గౌరవించిరి. ఇతడు పిరికివాడని శత్రువులు సయితము చెప్పుటకు వీలులేకపోయెను.

శాంతికాలమున కూడు పెట్టుటకు యుద్ధకిరీటము చాలదు. కావున అతడు చిన్న ఉద్యోగుల కచ్చేరీలలో గుమాస్తాగా చేరెను. అతడును తమ్ముడును నగరసభకు సయితము గుమాస్తాలుగా పనిచేసిరి. ఆ కాలపు గుమాస్తా కాగితములు కట్టలు కట్టి ఊరకుండువాడు కాడు. అచ్చుయంత్రము లేని దినములవి. శాసనములను, తీర్మానములను, పరరాజుల లేఖలను కొండమీద బయలున కూడిన వేలాది ప్రజలకు వినబడునట్లు నిలిచి చదువవలసినవాడు గుమాస్తాయే. తడబడినచో జనులు కేకలు వేయుదురు. ఈ పనిచేత ఈస్కినీసునకు రెండు లాభములు కలిగెను: నగర శాసనములన్నియు కంఠస్థమాయెను, తనకొక కంఠమున్నదని తెలియవచ్చెను. అది నిండైన కంఠము, మధురమైనది, ఎంత దూరముననున్న వానికైనను స్పష్టముగా వినబడునది. అతనిని ద్వేషించినవారును దానిని మెచ్చుకొనక తప్పినది కాదు.

ఈ కంఠమే అతనిని నాటకశాలకు కొనిపోయెను. అతడు నటుల కుటుంబమున పుట్టినవాడు కాడు. బాల్యమునుండి వేషములు కట్టినవాడును కాడు. గుమాస్తాగిరి మాని, పెద్దవాడైన పిమ్మట, సిముకసు, సోక్రటీసు అను ఇద్దరు నటుల జట్టులో జీతమునకు చేరెనని డెమాస్తనీసు చెప్పుచున్నాడు. ఈ సోక్రటీసు ప్రసిద్ధుడగు తత్త్వవేత్త కాడు. అదే పేరుగల నటుడు. కరుణరసమును అతిగా వెళ్లగ్రక్కుచు మూల్గువారని ఆ జట్టునకు లోకులు మారుపేరు పెట్టిరట.

గ్రీకుల నాటకపద్ధతిని ఇచ్చట కొంచెము వివరింపవలెను. వారి విషాదనాటకములలో మాటలాడు నటులు ముగ్గురే. పాత్రలు ఎనిమిదియున్నను పదియున్నను ఆ ముగ్గురే మొగములకు బొమ్మముసుగులు మార్చుకొనుచు అన్నిటిని పోషింపవలెను. స్త్రీవేషములను కూడ పురుషులే ధరింతురు. వీరుగాక పదునైదుగురు గాయకుల బృందము రంగమునందు పాడుచు ఆడుచుండును. ప్రధానపాత్ర మొదటివానిది, బహుమానమును అతనిదే, జట్టును అతనిదే. రెండవవాడు తరువాతివాడు. మిగిలినవన్నియు, అనగా దూతలు, దాసులు, రాజులు, మూడవవానివి. రాజు మూడవవానికి వచ్చుటకు కారణము కలదు. రాజు తరచుగా దండము పట్టుకొని నిలిచి ఆజ్ఞలిచ్చును. కన్నీరు తెప్పించు భాగము మాత్రము మొదటివాని పాత్రయందుండును. కావున మూడవ పాత్రధారులకు దక్కు గౌరవమల్లా రాజదండము పట్టుకొని నడచుటయే యని డెమాస్తనీసు ఎత్తిపొడిచెను.

మొగమును ముసుగు కప్పియున్నందున నటుడు కనుబొమ్మలతోను పెదవులతోను భావము చూపుటకు వీలులేదు. కంఠమొక్కటే సాధనము. అదే నటుడు ఒక గడియ ముసలి రాజుగాను, మరియొక గడియ యువతిగాను పలుకవలెను. ఏథెన్సు నాటకశాల కొండచరియమీద బయలున మెట్లుమెట్లుగా కట్టబడినది. కడపటి మెట్టువానికిని ప్రతి యక్షరము వినబడవలెను. అట్టి చోట మూడవ పాత్రధారిగా నిలుచుటకైనను సామాన్యమైన శిక్షణ చాలదు.

ఈస్కినీసు ఆ కాలపు మహానటులైన థియొడోరసు, అరిస్టొడెమసు అనువారితో కూడ నటించెను. సొఫొక్లీసు రచించిన అంటిగొనీ నాటకములో వారు నాయికవేషము కట్టగా ఇతడు క్రియోను రాజు వేషము కట్టెను. సోదరుని శవమును పూడ్చిపెట్టవలదని రాజు శాసింపగా, దైవనీతి మానవశాసనముకంటె గొప్పదని ఎదురునిలిచి ప్రాణమిచ్చిన కన్యక కథ అది. అందు క్రియోను తొలిసారి రంగమునకు వచ్చినపుడు దేశమునకు మించి మిత్రుని ప్రేమించువాడు నీచుడని భావమిచ్చు పలుకులు పలుకును. ఈ పలుకులను చదువరులు జ్ఞాపకముంచుకొందురు గాక. అవి పిమ్మట ఇతని మెడకే చుట్టుకొన్నవి.

శీతకాలమున పల్లెలలోను పేటలలోను ఉత్సవములు జరుగునపుడు చిన్న జట్లు ఊరూర తిరిగి ఆడుచుండెడివి. ఒకమారు కొలిట్టసు అను పేటలో ఈస్కినీసు ఈనొమావసు రాజు వేషము కట్టెను. తన కుమార్తెను కొనిపోవుచున్న పెలొప్సును తరుముచు ఆ రాజు పరుగెత్తవలెను. పరుగులో ఇతడు బోర్లపడగా పాటల గురువు వచ్చి లేవనెత్తెనట. ఈ కథను ప్రచారము చేసినవాడు డెమాస్తనీసు మేనల్లుడు. మరియు ప్రేక్షకులు ఇతని జట్టుమీద అత్తిపండ్లు, ద్రాక్షపండ్లు, ఒలీవపండ్లు రువ్వుచుండిరనియు, నటనవలన వచ్చిన జీతముకంటె ఆ పండ్లవలన వచ్చిన లాభమే మెండనియు డెమాస్తనీసు పరిహసించెను. ఇవి యెంతవరకు నిజమో గాని, క్రింద పడినవాడు మరల లేచి ఆడవలసిన భాగము ముగించియుండెననుటలో మాకు సందేహము లేదు. థియొడోరసువంటివాడు పనికిరానివానిని తనతో చేర్చుకొనడు.

ఇట్లు నటుడుగా గడపిన సంవత్సరములు వ్యర్థము కాలేదు. ఊపిరి పట్టుట, స్వరము నడపుట, వేలమంది ఎదుట బెదరక నిలుచుట అతనికి అలవాటాయెను. వింత యేమనగా, అతడు వక్తయైన పిమ్మట నటునివలె చేతులు ఆడింపలేదు. పూర్వపు పెద్దలు చేయి పైవస్త్రములోపల ఉంచుకొనియే మాటలాడెడివారనియు, సలామిసు ద్వీపమందలి సోలోను విగ్రహము అందుకు సాక్ష్యమనియు అతడు సభలో బోధించెను. ఆ విగ్రహము చెక్కి యేబదియేండ్లయినను కాలేదని డెమాస్తనీసు పిమ్మట ఎకసక్కెమాడెను. ఈస్కినీసుదని పండితులు గుర్తించిన పాలరాతి విగ్రహము ఇటలీలోని హెర్కులేనియము శిథిలములలో దొరకి నేపుల్సు నగరపు వస్తుప్రదర్శనశాలయందున్నది. అందును అతడు కుడిచేయి వస్త్రములో ముడుచుకొని గంభీరముగా నిలిచియున్నాడు. నటుడని తన్ను వెక్కిరించుచున్న వారికి ఆ నిలుకడయే అతడిచ్చిన సమాధానమని మాకు తోచుచున్నది.

ఇంతలో ఉత్తరమున మాసిదోనియ రాజగు ఫిలిప్పు బలవంతుడయ్యెను. క్రీ. పూ. 348లో అతడు ఒలింథసు పట్టణమును నేలమట్టము చేసి ప్రజలను బానిసలుగా అమ్మించెను. ఏథెన్సువారు గ్రీకులనందరిని ఏకము చేయుటకు రాయబారులను పంపిరి. నలుబది రెండేండ్ల ఈస్కినీసు అర్కేడియా దేశమునకు పంపబడెను. తిరిగి వచ్చునపుడు దారిలో ఒలింథసు స్త్రీలును పిల్లలును ముప్పదిమంది బానిసలుగా తోలుకొని పోబడుచుండుట చూచి అతడు కన్నీరు కార్చెనని, అతడే చెప్పగా తాను వింటినని, డెమాస్తనీసు ఒప్పుకొన్నాడు. అప్పటికి వారిద్దరును ఒకే పక్షమువారు.

గ్రీకు పట్టణములు ఏకము కాలేదు. యుద్ధము సాగించుటకు ధనమును లేదు. కావున 346లో సంధి మాటలాడుటకు పదిమంది రాయబారులు ఫిలిప్పు నగరమైన పెల్లాకు వెళ్లిరి. అందు ఈస్కినీసు ఉండెను, డెమాస్తనీసు ఉండెను, నటుడగు అరిస్టొడెమసును ఉండెను. నటులు దేశదేశములు తిరుగువారగుటచే రాజసభలలో వారికి ప్రవేశము సులభము. వయస్సు క్రమమున మాటలాడవలెనని నిశ్చయించుకొనిరి. ఈస్కినీసు నిర్భయముగా మాటలాడెను. అందరికంటె చిన్నవాడైన డెమాస్తనీసు వంతు కడపట వచ్చెను. ఆ మహావక్త రెండు మాటలు పలికి తడబడి, మరచి, మౌనము వహించెను. ఇది నాటకశాల కాదు, భయపడవలదు, మెల్లగా జ్ఞాపకము తెచ్చుకొమ్మని రాజే ధైర్యము చెప్పెనట. అయినను మాట రాలేదు. ఈ సంగతి చెప్పినవాడు ఈస్కినీసు కావున కొంత తగ్గించుకొని చదువవలెను. ఆ దినమున ఆ ఇద్దరి నడుమ వైరబీజము పడినదని మాత్రము చెప్పవచ్చును.

సంధి కుదిరెను. ఫిలిప్పు ఏథెన్సునకు మేలు చేయునని ఈస్కినీసు సభలో ఆశ పుట్టించెను. ప్రజలు నమ్మిరి. కొలది దినములలోనే ఫిలిప్పు థెర్మొపిలీ కనుమ దాటి, ఏథెన్సు మిత్రులగు ఫోకిసువారి పట్టణములను పడగొట్టించెను. ఈస్కినీసు లంచము తీసికొని మోసము చేసెనని డెమాస్తనీసు నేరము మోపెను. తాను మోసగింపబడితినే గాని మోసగింపలేదని ఈస్కినీసు పక్షము. లంచము మాటకు నిదర్శనము నాడును చూపబడలేదు; పండితులు నేటికిని ఏకాభిప్రాయమునకు రాలేదు. మేము నిర్ధారణగా చెప్పగలది ఒక్కటే: ఆ మధురకంఠము నమ్మించినది, నమ్మినవారు చెడిరి.

విచారణ క్రీ. పూ. 343లో జరిగెను. డెమాస్తనీసు గుమాస్తాచేత అంటిగొనీ నాటకములోని క్రియోను పలుకులు చదివించి, రంగముమీద దేశభక్తి బోధించినవాడు రాయబారియై దానిని మరచెనని ఈసడించెను. నాటకమున ఇతనిని ఈలలు వేసి వెళ్లగొట్టిన ప్రజలు, రాజ్యవ్యవహారములలో ఇతని కంఠమునకు లోబడుట తగదని హెచ్చరించెను. ఈస్కినీసు తొంబదినాలుగేండ్ల తండ్రిని, చిన్నబిడ్డలను న్యాయాధిపతుల ఎదుట నిలిపి ప్రాణము కాపాడుమని వేడుకొనెను. ముప్పది ఓట్ల యాధిక్యముతో విడుదల పొందెనని ప్రాచీనులు వ్రాసిరి.

క్రీ. పూ. 339లో డెల్ఫీ క్షేత్రమున గ్రీకు జాతుల ధర్మసభ కూడెను. అందు అంఫిస్సావారు ఏథెన్సుమీద నేరము మోపబోగా, ఈస్కినీసు లేచి, సభాస్థలమునుండి కనబడుచున్న మైదానమును చేతితో చూపి, దేవునికి విడిచిన ఆ భూమిని అంఫిస్సావారే దున్నుకొనుచున్నారని గర్జించెను. అతని వాక్కునకు ఉద్రేకము చెందిన జనులు మరునాడు పారలతోను గునపములతోను ఆ మైదానముమీద పడిరి. పోరాటము పుట్టెను, అది పెరిగి యుద్ధమాయెను, దానిని అణచుటకు సభవారు ఫిలిప్పునే పిలిచిరి. ఫిలిప్పు సైన్యముతో దక్షిణమునకు వచ్చి, 338లో కైరొనియా మైదానమున ఏథెన్సు సేనలను థీబ్సు సేనలను ఓడించెను. ఏథెన్సువారిలో వేయిమంది చచ్చిరి; రెండువేలమంది చెరపట్టబడిరి. ఈస్కినీసు ఇదంతయు కోరి చేసెనని మేము అనము. అతని ఉపన్యాసము ఆ క్షణమున జయించినది. దాని వెనుక రాబోవునది అతనికి కనబడలేదు. నాటకములో నటుడు తన మాటలు పలికి తెరవెనుకకు పోవచ్చును; సభలో పలికిన మాట పలికినవానిని విడిచి దేశముమీద పడును.

ఓడినను ప్రజలు డెమాస్తనీసును విడువలేదు. 336లో క్టెసిఫోను అనునతడు డెమాస్తనీసునకు బంగారు కిరీటమిచ్చి, నాటకశాలయందు ప్రకటింపవలెనని ప్రతిపాదించెను. లెక్కలు ఒప్పగింపని అధికారికి కిరీటమీయరాదనియు, నాటకశాలలో ప్రకటింపరాదనియు శాసనములు చూపి ఈస్కినీసు వ్యాజ్యము వేసెను. ఆరేండ్లు గడచి 330లో విచారణ జరిగెను. ఇరువురు వక్తల పోరాటము వినుటకు గ్రీసు దేశము నలుమూలలనుండి జనులు వచ్చిరి. శాసనము విషయమున ఈస్కినీసు పక్షమే బలమైనదని పెక్కురి తలంపు. డెమాస్తనీసు శాసనమును ప్రక్కకు నెట్టి, ఓడినను స్వాతంత్ర్యమునకై పోరాడుటయే ఏథెన్సునకు తగినదని ప్రజల హృదయములను కదలించెను. నడుమ నడుమ బడిపంతులు కొడుకనియు, గుమాస్తాయనియు, మూడవ పాత్రధారియనియు ఈస్కినీసును మరల నవ్వులపాలు చేసెను. విచిత్రమేమనగా, డెమాస్తనీసే యౌవనమున పలుకుబడి కుదరక నగుబాటు పొంది, ఒక నటునియొద్దనే ఉచ్చారణ మర్మము నేర్చుకొనెనని ప్లూటార్కు వ్రాసెను.

ఓట్లు లెక్కింపగా ఈస్కినీసునకు అయిదవ వంతయినను రాలేదు. అట్టి వ్యాజ్యకారునికి వేయి ద్రాఖ్మాల జరిమానా. ఇకముందు అట్టి వ్యాజ్యములు వేయు హక్కును పోవును. అరువది యేండ్ల వయస్సున అతడు ఏథెన్సు విడిచి ఎఫెసునకు వెళ్లెను. ఫిలిప్పు కుమారుడగు అలెగ్జాండరు తూర్పునుండి తిరిగి వచ్చి తన్ను ఆదరించునని యెదురుచూచెనట. అలెగ్జాండరు 323లో బబులోనులో మరణించెను. పిమ్మట ఈస్కినీసు రొదు ద్వీపము చేరి వక్తృత్వమును బోధించు పాఠశాల తెరచెను. తండ్రి విడిచిపోయిన పనికే కుమారుడు తుదకు తిరిగి వచ్చెను. బాల్యమున బడిగది ఊడ్చెనని నవ్వబడినవాడు వార్ధక్యమున బడిగదియందే ఆశ్రయము పొందెను.

ఇచ్చట జరిగిన సంగతి యొకటి రోమను వక్తయగు సిసెరో మొదలైనవారు వ్రాసియుంచిరి. రొదువారు ఇతనిని వేడుకొనగా, ఇతడు క్టెసిఫోనుమీద తాను చేసిన ఉపన్యాసమును చదివి వినిపించెను. వినినవారు ఆశ్చర్యపడి, ఇట్టి ఉపన్యాసము చేసియు ఎట్లు ఓడితివని అడిగిరి. మరునాడు ఇతడు డెమాస్తనీసు ఇచ్చిన ప్రత్యుత్తరమును తీసికొని, తన నిండు కంఠముతో, ఏమియు తగ్గింపక, మొదటినుండి తుదివరకు చదివెను. అందు తనమీదనున్న దూషణలన్నియు ఉండెను: బడియు, సిరాయు, గుమాస్తాగిరియు, పడిన వేషమును. అవియన్నియు తన శిష్యులయెదుట తన నోటనే పలికెను. జనులు దిగ్భ్రమచెంది మెచ్చుకొనగా, ఆ మనుష్యుడే పలుకుచుండగా వినియుండినచో మీరేమందురో అని మాత్రము చెప్పెను.

మేము ఈ చరిత్రమంతటిలో ఈ ఘట్టమునే ఉత్తమమైనదిగా ఎంచుచున్నాము. అతడు మరల నటుడయ్యెను. కడపట ధరించిన పాత్ర తన శత్రువుదే. దానిని చెడగొట్టుట అతనికి సులభము. స్వరము కొంచెము సడలించినచో, ఒక పుట విడిచినచో, ఎవరికిని తెలియదు. ఆ పని చేయలేదు. మూడవ పాత్రధారిగా ఒకప్పుడు ప్రధానపాత్రధారికి ఎట్లు సహాయపడవలెనో నేర్చుకొనెను గదా. ఆ నేర్పును డెమాస్తనీసు విషయమున చూపెను.

డెమాస్తనీసు అప్పటికే గతించియుండవచ్చును. 322లో మాసిదోనియవారి చేతికి చిక్కక విషము త్రాగి అతడు మరణించెను. ఈస్కినీసు అతని వెనుక కొంతకాలము జీవించి, సమొసు ద్వీపమున డెబ్బదియైదేండ్ల వయస్సున కాలధర్మము చెందెనని ప్రాచీనులు వ్రాసిరి. అతని ఉపన్యాసములు మూడే నిలిచినవి. ఏథెన్సు వక్తృత్వమును రొదునకు కొనిపోయినవాడు ఇతడేయని రోమనులు చెప్పుకొనిరి. రెండు శతాబ్దములకు పైగా గడచిన మీదట సిసెరోయు, జూలియసు సీజరును వక్తృత్వమునకై ఆ ద్వీపమునకే వెళ్లి చదువుకొనిరి.

విద్యార్థులారా, ఈస్కినీసు మహాపురుషుడని మేము చెప్పుటలేదు. అతని దూరదృష్టి కొరవడినందువలన దేశము నష్టపడెను. భగవంతుడిచ్చిన కంఠము, విద్య, ధైర్యము ఎంతటివైనను, అవి ఏ పక్షమున నిలిచినవని కాలము అడుగక మానదు. మీలో చక్కగా మాటలాడగలవారు ఈ సంగతి మరువకుందురు గాక.

అయితే అతడు చేసిన పనులలో ఒక్కటియు సిగ్గుపడదగినది కాదు. బల్లలు తుడిచినపుడు అక్షరములు నేర్చెను. గుమాస్తాయైనపుడు శాసనములు నేర్చెను. మూడవ వేషము కట్టినపుడు స్వరము నేర్చెను. నవ్వినవారు నవ్విరి, నేర్చినది అతనికి మిగిలెను. తన తండ్రి చేయు పనిని గూర్చి తోటివారు నవ్వుదురని భయపడి, ఇంటి సంగతి దాచుకొను బాలురు మా తరగతులలోను ఉన్నారు. వారు ఈ కథ చదివి తలయెత్తుకొందురని మా ఆశ. వచ్చు సంవత్సరము నాటకమునకు వేషములు పంచునపుడు దూతవేషమును అడుగుటకు ఒక్క బాలుడైనను తనంతట ముందునకు వచ్చినచో, ఈ వ్యాసము వ్రాసిన శ్రమ ఫలించినదని మేము సంతసింతుము.